జిరాక్స్‌కు వెళ్లొచ్చేసరికి అప్పీలు పోయింది

పాఠకుల ప్రశ్నలు, వకీలు జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి సగం ఒకటే బాధ. కేసు సొంతంగా నడుపుకుంటున్నారు, పేషీ రోజు కోర్టు పిలిచినప్పుడు హాల్లో లేరు, అప్పీలు కొట్టేశారు. అందుకని ఈ సంచికలో దీని గురించే రాస్తున్నాను. వీలునామాలు, ఇంటి పన్నుల ప్రశ్నలు పంపినవాళ్లు వచ్చే సంచిక దాకా ఓపిక పట్టండి.

ప్రశ్న: మేడమ్ గారూ, నమస్తే. నాకు 63 ఏళ్లు, రిటైరై సైదాబాద్‌లో ఉంటున్నాను. మా ఇంటికీ పక్కింటికీ మధ్య నాలుగడుగుల సందు ఉంది. అది ఇద్దరిదీ అని నేను, మొత్తం తమదే అని వాళ్లు. కింది కోర్టులో ఓడిపోయాను. మళ్లీ ఫీజు ఇచ్చుకోలేక అప్పీలు నేనే రాసుకుని, నేనే వేసి, ఏడాదిన్నరగా నేనే తిరుగుతున్నాను. జూలై 3న వాదనలకు పెట్టారు. పదింపావుకే వెళ్లాను. లిస్టులో మాది 43వ నంబరు. అక్కడ కూర్చున్న ఒకాయన్ని అడిగితే లంచ్ తర్వాతే వస్తుందిలే అన్నాడు. సరే, తీర్పు కాపీ ఇంకో సెట్టు తీయిద్దామని రోడ్డవతల జిరాక్స్ షాపుకు వెళ్లాను. అక్కడ రద్దీ. ఫోన్‌పేలో 36 రూపాయలు కొట్టి, ఒక ఛాయ్ తాగి పన్నెండూ నలభైకి తిరిగొస్తే, అయిపోయింది పొమ్మన్నారు. మూడుసార్లు పిలిచారట. 'అప్పీలుదారు గైర్హాజరు, డిస్మిస్' అని రాసేశారు. ఇంట్లో చెప్పడానికి మొహం చెల్లక పది రోజులు నాలోనే పెట్టుకున్నాను. ఈలోగా పక్కింటాయన సందులో ఇటుకలు దింపాడు. కేసు పూర్తిగా పోయినట్టేనా? కొత్తగా ఇంకో అప్పీలు వేయొచ్చా, పైకోర్టుకు వెళ్లాలా? నేను వకీలును కాను కాబట్టి కోర్టు కాస్త కనికరం చూపాలి కదా? అంతకుముందు రెండు పేషీలకు ఒంట్లో బాగాలేక నేనే వాయిదా అడిగాను, అది ఇప్పుడు నాకు దెబ్బా?

జవాబు: మీ ఉత్తరం 22న నా చేతికొచ్చింది. ఈ సంచిక అచ్చయి మీ గుమ్మంలో పడేసరికి గడువు దాటిపోతుంది కాబట్టి, ఉత్తరం చివర మీరు రాసిన నంబరుకు ఆ రోజే ఫోన్ చేసి చెప్పాల్సింది చెప్పాను. దాన్నే ఇక్కడ కొంచెం వివరంగా రాస్తున్నాను, ఎందుకంటే జిరాక్స్ షాపు ముందు నిలబడి అప్పీలు పోగొట్టుకున్నది మీరొక్కరే కాదు.

కేసు పోలేదు. సందు మీదో వాళ్లదో ఆ రోజు జడ్జిగారు తేల్చలేదు, తేల్చకూడదు కూడా. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 41వ ఆర్డరు (ఇక్కడ ఆర్డరు అంటే కోడ్‌లో ఒక అధ్యాయం లాంటిది), 17వ రూలు అని ఉంది. పిలిచినప్పుడు అప్పీలుదారు హాజరు కాకపోతే అప్పీలును కొట్టివేయవచ్చు అని దాని సారాంశం. 'వచ్చు' అనే మాట చూడండి, కొట్టివేసి తీరాలని లేదు. సాయంత్రం దాకా చూడొచ్చు, ఇంకో తారీఖు ఇవ్వొచ్చు, లేదా అప్పుడే మూసేయొచ్చు, అది జడ్జిగారి విచక్షణ. మీ విషయంలో మూడోది జరిగింది. దీన్నే మేము కోర్టు భాషలో 'డీఫాల్ట్ కింద పోయింది' అంటాం. అలా పోయినదాన్ని తిరిగి తెరవడానికి అదే ఆర్డరులో 19వ రూలు ఉంది. ఆ రోజు రాలేకపోవడానికి సరైన కారణం ఉందని మీరు చూపిస్తే కోర్టు అప్పీలును మళ్లీ ఫైలు మీదికి తీసుకోవాలి. ఇక్కడ మాత్రం 'వచ్చు' లేదు. కారణం రుజువైతే తీసుకోవాల్సిందే, కాకపోతే ఖర్చులు కట్టమనో ఇంకోటో షరతు పెట్టొచ్చు.

కొత్త అప్పీలు ఆలోచన మానుకోండి. కింది కోర్టు తీర్పు మీద అప్పీలుకు ఉన్న గడువు ఎప్పుడో అయిపోయింది. ఇక హైకోర్టులో రెండో అప్పీలు అంటారా, అది డిక్రీ మీద, అంటే హక్కు ఎవరిదో తేల్చి కోర్టు ఇచ్చే ఉత్తర్వు మీద వేసేది. డీఫాల్ట్ కింద కొట్టేసిన ఆర్డరు డిక్రీ కిందికి రాదని కోడ్ రెండో సెక్షన్‌లోనే రాసి ఉంది. కాబట్టి మీరు ఏ కోర్టులో పోగొట్టుకున్నారో ఆ కోర్టుకే వెళ్లి, ఆ జడ్జిగారినే అడగాలి. చాలామందికి ఇదే మింగుడుపడదు. 'కొట్టేసినాయన దగ్గరికే మళ్లీ పోవాలా' అని పౌరుషానికి పోయి హైకోర్టు చుట్టూ తిరుగుతారు, ఆ తిరుగుడులోనే ఉన్న గడువు కాస్తా అయిపోతుంది.

గడువు 30 రోజులు. లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ప్రకారం అది కొట్టేసిన తేదీ నుంచి మొదలవుతుంది, మీకు తెలిసిన తేదీ నుంచి కాదు. లెక్క కూడా సరిగ్గా వేసుకోవాలి. అది 30 రోజులు, ఒక నెల కాదు. జూలై 3ను వదిలేసి 4 నుంచి లెక్కపెడితే, జూలైకి 31 రోజులు కాబట్టి ఆగస్టు 2తో అయిపోతుంది. ఫోన్‌లో మీరు '3 దాకా ఉంది కదా మేడమ్' అన్నారే, ఆ ఒక్క రోజుతో కూడా కొంప మునుగుతుంది. చివరి రోజు కోర్టుకు సెలవైతే తెరిచిన రోజు వేయొచ్చు.

ఇంకో పొరపాటు, నా కళ్ల ముందే ఎన్నోసార్లు జరిగింది. ఆర్డరు సర్టిఫైడ్ కాపీకి అర్జీ పెట్టి, అది చేతికొచ్చాక పిటిషన్ వేద్దామని కూర్చుంటారు. అప్పీలు వేసేటప్పుడు కాపీకి పట్టిన రోజులు గడువులోంచి తీసేస్తారు, ఆ మాట నిజమే. ఈ పిటిషన్‌కు ఆ సౌకర్యం లేదు. కాపీకి అర్జీ పెట్టండి, పిటిషన్ మాత్రం దానికోసం ఆపకండి.

ఇప్పుడు కనికరం సంగతి. నిష్ఠూరంగా ఉన్నా చెప్తున్నాను. వకీలు పెట్టుకున్నవాడికి ఒక రూలు, సొంతంగా వచ్చినవాడికి ఇంకో రూలు అని కోడ్‌లో లేదు. నిజానికి మీ పరిస్థితి ఒక రకంగా ఇంకా కష్టం. 1981లో సుప్రీంకోర్టు రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో, వకీలును పెట్టుకుని, ఫీజు కట్టి, ఆయన చూసుకుంటాడని నమ్మి ఊళ్లో కూర్చున్న మనిషి, ఆ వకీలు కోర్టుకు రానందుకు నష్టపోకూడదని చెప్పింది. దేశమంతటా ఇలాంటి పిటిషన్లలో ఆ తీర్పును ఇప్పటికీ చూపిస్తారు. 'తప్పు నాది కాదు, మా వకీలుది' అనే గొడుగు అది. మీ కేసులో పార్టీ మీరే, వకీలూ మీరే, ఆ గొడుగు కిందికి మీరెలా వస్తారు? పైగా వకీలుకు ఇంకో హాల్లో కేసుంటే జూనియర్ లేచి 'పాస్ ఓవర్ సర్', అంటే కాసేపాగి పిలవండి అంటాడు, అరగంట దొరుకుతుంది. మీ కోసం లేచి ఆ రెండు ముక్కలు అనేవాళ్లు ఎవరూ లేరు. నేనూ ఒకసారి పక్క హాల్లో వాదనలో ఇరుక్కుని నా క్లయింటు అప్పీలు ఇలాగే పోగొట్టాను. ఆ రోజు నా జూనియర్‌కు టైఫాయిడ్. ఆ పిటిషన్ నేనే రాసుకుని, ఖర్చులు నేనే కట్టాను, క్లయింటుకు మొహం చూపించడానికి నాకూ మీలాగే రెండు రోజులు పట్టింది.

కానీ మీ దగ్గర నా క్లయింటు దగ్గర లేనిదొకటి ఉంది. ఆ రోజు ఏం జరిగిందో కళ్లారా చూసి ప్రమాణం చేసి చెప్పగలిగింది మీరే, ఎవరో చెప్పింది విని రాసే పని లేదు. అందుకే అఫిడవిట్‌లో ఆ రోజు గురించే రాయండి. సందు గురించి, 1978 నాటి దస్తావేజు గురించి, పక్కింటాయన స్వభావం గురించి ఒక్క ముక్క వద్దు (ఫోన్‌లో పావుగంట అదే చెప్పారు మీరు!). ఎన్నింటికి కోర్టుకు చేరారు, లిస్టులో ఎన్నో నంబరు, ఎవరిని అడిగారు, ఏమన్నారు, ఎందుకు బయటికెళ్లారు, ఎన్నింటికి తిరిగొచ్చారు, వచ్చాక ఏం చేశారు. అంతే. మీ ఫోన్‌పేలో ఆ 36 రూపాయల చెల్లింపు పన్నెండూ పంతొమ్మిదికి అని కనిపిస్తోందన్నారు కదా, దాని ప్రింటు తీసి జత చేయండి. మీరు ఆ రోజు ఇంట్లో కాలు మీద కాలేసుకుని కూర్చోలేదనీ, కోర్టు ఎదురుగానే ఉన్నారనీ, అదీ కేసు కాగితాల పని మీదే ఉన్నారనీ చెప్పడానికి అంతకంటే మంచి సాక్ష్యం నేనైతే చూడలేదు. మెట్రోలో వెళ్లి ఉంటే ఆ టికెట్టు, బండి మీద వెళ్లి ఉంటే పార్కింగ్ చీటీ, ఏది దొరికితే అది పెట్టండి.

ఛాయ్ సంగతి కూడా రాయాలా అని అడిగారు. రాయండి. 'జ్వరమొచ్చిందని ఒక సర్టిఫికెట్ తెచ్చుకో అంకుల్' అని సలహా ఇచ్చేవాళ్లు కోర్టు వరండాలో కనీసం నలుగురుంటారు. పన్నెండూ పంతొమ్మిదికి జిరాక్స్ తీయించిన మనిషికి పన్నెండింటికి మంచం పట్టేంత జ్వరం ఎలా వస్తుంది? ఎదుటి వకీలు అడిగే మొదటి ప్రశ్న అదే. ప్రమాణం చేసి అబద్ధం రాయడం నేరం కూడా, సందు కోసం పోయి ఇంకో కేసు నెత్తికెత్తుకుంటారు.

ముందు రెండు వాయిదాల గురించి భయపడకండి. 2000లో సుప్రీంకోర్టు జి.పి. శ్రీవాస్తవ కేసులో చెప్పిందేమిటంటే, ఏ రోజు గైర్హాజరీ వల్ల ఆర్డరు వచ్చిందో ఆ రోజు కారణమే చూడాలి, కోర్టు అంతకుముందే మన్నించి వాయిదా ఇచ్చినవాటిని తవ్వి తీయకూడదు. అది ఎక్స్‌పార్టీ డిక్రీ (ఒక పక్షం రానప్పుడు ఇచ్చే డిక్రీ) విషయంలో వచ్చిన తీర్పు, అయినా ఆ తర్కం మీకూ పనికొస్తుంది. ఎదుటివాళ్లు ఆ రెండు తేదీలు ఎత్తితే ఈ మాట చెప్పండి.

ఇటుకల సంగతి తొందరపడాల్సింది. అప్పీలు పోగానే అందులో మీకున్న మధ్యంతర ఉత్తర్వు (కేసు తేలేవరకు ఇచ్చే తాత్కాలిక ఆదేశం) కూడా దాంతోపాటే పోయింది, పక్కింటాయనకు ఆ విషయం మీకంటే ముందు తెలిసినట్టుంది. పిటిషన్‌తో పాటే అదే కోడ్ 151వ సెక్షన్ కింద, ఇది తేలేవరకు సందును ఉన్నదున్నట్టు ఉంచమని ఇంకో అర్జీ పెట్టి, ఇటుకల ఫోటోలు జత చేసి, త్వరగా వినమని అడగండి. ఇస్తారా ఇవ్వరా అన్నది జడ్జిగారి ఇష్టం, అడగకపోతే మాత్రం ఎవరూ ఇవ్వరు. రేపు అప్పీలు తిరిగి ఫైలు మీదికొచ్చినా, పాత మధ్యంతర ఉత్తర్వు కూడా వచ్చేసినట్టే అని ఊరుకోకుండా ఆ ఆర్డరులోనే ఒక వాక్యం రాయించుకోండి.

పిటిషన్ కొట్టేస్తే? అప్పుడు పైకోర్టు. 43వ ఆర్డరు ఒకటో రూలు కింద దాని మీద సివిల్ మిసిలేనియస్ అప్పీలు ఉంది, హైకోర్టుకైతే 90 రోజులు. ఒప్పుకుని ఖర్చులు కట్టమంటే చెప్పిన తేదీలోపు కట్టి రసీదు ఫైల్లో వేయండి. షరతు తప్పితే మళ్లీ మొదటికొస్తుంది.

ఇంకొక్కటి. పన్నెండూ నలభైకి తిరిగొచ్చినప్పుడు మీరు బెంచ్ క్లర్కును అడిగి, ఆయన అయిపోయిందంటే ఇంటికెళ్లిపోయారు. అలా వెళ్లొద్దు. జడ్జిగారు బెంచి మీదే ఉంటే, నడుస్తున్న కేసు ఆగిన క్షణం చూసి లేచి నిలబడి, 'సర్, 43వ నంబరు అప్పీలుదారును నేనే, జిరాక్స్‌కు వెళ్లాను' అని చెప్పాలి. ఆర్డరు మీద సంతకం పడకముందైతే అక్కడికక్కడే మార్చే జడ్జిలు ఉన్నారు. కోప్పడతారేమో, పడనీయండి.

ప్రశ్న: నేను దిల్‌సుఖ్‌నగర్ నుంచి రాస్తున్నాను. డబ్బు బాకీ కేసులో నా అప్పీలును నేనే నడుపుకుంటున్నాను. మా ఊళ్లో చావు జరిగి పేషీకి వెళ్లలేదు. తర్వాత కాపీ తీసి చూస్తే పది పేజీలుంది. 'అప్పీలుదారు రాలేదు, రికార్డు పరిశీలించాం, ప్రామిసరీ నోటు నమ్మదగినదే, అప్పీలులో పస లేదు, డిస్మిస్' అని డిక్రీ కూడా తయారైంది. నా మాట వినకుండానే ఇలా చేయొచ్చా?

జవాబు: చేయకూడదు. ఇది పైన సైదాబాద్ వారి కేసులాంటిది కానే కాదు, కాబట్టి దారి కూడా వేరు. 17వ రూలు కింద ఒక వివరణ ఉంది, అప్పీలుదారు రానప్పుడు కోర్టు అప్పీలును మెరిట్స్ మీద, అంటే విషయంలోకి వెళ్లి కొట్టేయడానికి ఈ రూలు అధికారమివ్వదని. ఇది 1976 సవరణలో చేర్చారు, 1977 ఫిబ్రవరి 1 నుంచి అమల్లో ఉంది. అంతకుముందు దీని మీద ఒక్కో హైకోర్టు ఒక్కోలా చెప్పేది, ఆ గొడవ తీర్చడానికే పెట్టారు. 1996లో సుప్రీంకోర్టు దీన్నే చెప్పింది, మళ్లీ 2023లోనూ చెప్పాల్సొచ్చింది. దాదాపు యాభై ఏళ్లుగా పుస్తకంలో ఉన్న రూలును ఇంకా సుప్రీంకోర్టు దాకా వెళ్లి గుర్తు చేయించుకోవాల్సి రావడం ఏమిటో! పాపం జడ్జిలు ఉద్దేశంతో చేస్తారనుకోను. ఊరికే గైర్హాజరు అని కొట్టేస్తే అన్యాయంగా ఉంటుందేమోనని, రికార్డు చదివి, కారణాలు రాసి మరీ కొట్టేస్తారు. మంచిదనుకుని చేసిన ఆ పనే మీకు చెడు చేస్తుంది, ఎందుకంటే ఇప్పుడు ప్రామిసరీ నోటు మీద మీకు వ్యతిరేకంగా రెండు కోర్టుల మాట ఉన్నట్టయింది.

మీది డిక్రీ అయింది కాబట్టి హైకోర్టులో 100వ సెక్షన్ కింద రెండో అప్పీలు వేయాలి, గడువు 90 రోజులు, దీనికి మాత్రం కాపీకి పట్టిన రోజులు కలిసొస్తాయి. అందులో మొదటి గ్రౌండుగా ఈ వివరణనే పెట్టండి. నోటు సంతకం గురించి అరవై పేజీలు రాయకండి, అది తర్వాతి సంగతి. సాధారణంగా ఇలాంటివాటిని రద్దు చేసి, మళ్లీ వినమని కింది కోర్టుకు పంపుతారు. హైకోర్టుకు మాత్రం ఒక వకీలును పెట్టుకోండి. రెండో అప్పీల్లో చట్టానికి సంబంధించిన గట్టి ప్రశ్న ఉందని ముందే ఒప్పించాలి, అది సొంతంగా చేయడం కష్టం.

ప్రశ్న: మా బావ చెక్ బౌన్స్ కేసులో శిక్ష పడి అప్పీలుకు వెళ్లాడు. వకీలు మానేశాడు, తనే వెళ్తున్నాడు. ఒక పేషీకి పోకపోతే ఆ అప్పీలు కూడా ఇలాగే పోతుందా? (మెహిదీపట్నం)

జవాబు: క్రిమినల్ అప్పీలుకు లెక్క పూర్తిగా తిరగబడుతుంది. అక్కడ రాలేదని కొట్టేయకూడదు, రికార్డు చదివి విషయం మీదే తేల్చాలి అని 1996లో బానీ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. సివిల్‌లో ఏది చేయకూడదో క్రిమినల్‌లో అదే చేయాలి. అయినా మీ బావకు ఇంట్లో కూర్చోమని మాత్రం చెప్పకండి. శిక్ష నిలిపివేసి బెయిల్ మీద బయట ఉన్న మనిషి పేషీకి పోకపోతే వారంటు వస్తుంది.

ప్రశ్న: మేడమ్, నేను కేసు గెలిచినవాణ్ని. సికింద్రాబాద్‌లో నా దుకాణం గురించి డిక్రీ నాకొచ్చింది. అవతలి పెద్దాయన సొంతంగా అప్పీలు వేశాడు, నాలుగు పేషీల్లో మూడింటికి రాడు. వచ్చిన రోజు ఫైలు మర్చిపోయానంటాడు. నేను మాత్రం ప్రతిసారీ దుకాణం మూసుకుని వెళ్తున్నాను. కొట్టేయమని నేను అడగొచ్చా?

జవాబు: అడగొచ్చు, మీ వకీలు లేచి 17వ రూలు చూపించి అడిగితే చాలు. కానీ అంతకంటే ముందు ఒకటి చూసుకోండి. అప్పీలు వేసినంత మాత్రాన మీ డిక్రీ ఆగదు. 41వ ఆర్డరు 5వ రూలు ఆ మాట స్పష్టంగా చెప్తుంది. స్టే ఉంటేనే ఆగుతుంది. మీ ఉత్తరంలో స్టే మాటే లేదు. లేకపోతే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసుకుని డిక్రీ అమలు చేయించుకోండి, ఆయన వస్తే రానీ, లేకపోతే లేదు. స్టే ఉంటే, రాకుండా కాలం గడుపుతున్నాడని చెప్పి దాన్ని తీసేయమని అడగండి. నా అనుభవంలో అప్పీలు కొట్టేయించడం కంటే ఇదే మేలు. కొట్టేయిస్తే ఆయన 30 రోజుల్లో 19వ రూలు పట్టుకుని వస్తాడు, వయసు, ఆరోగ్యం చూపిస్తాడు, మళ్లీ తెరుస్తారు, మీకు ఇంకో ఆరు నెలలు పోతాయి.

పెద్దాయన రాడని మీరు కూడా మానేయకండి. ఆయనొచ్చిన రోజు మీ వైపు ఎవరూ లేకపోతే ఎక్స్‌పార్టీగా విని తీర్పు చెప్పొచ్చు. అప్పుడు 21వ రూలు కింద మళ్లీ వినమని బతిమాలుకోవడం మీ వంతవుతుంది.

ప్రశ్న: మా నాన్నగారికి 74. నిజాంపేటలో ఇంటి స్థలం గురించిన అప్పీలును అమ్మ పేరు మీద, తన పేరు మీద వేసి ఆయనే వాదించుకుంటున్నారు. ఇప్పుడు మోకాళ్లు నడవనివ్వడం లేదు, మెట్లెక్కలేరు. నేను గచ్చిబౌలిలో ఉద్యోగం చేస్తాను, సెలవు పెట్టి ఆయన బదులు నేను వెళ్లి మాట్లాడొచ్చా? ఎక్కడ డీఫాల్ట్ కింద కొట్టేస్తారో అని ఇంట్లో అందరికీ టెన్షన్.

జవాబు: సగం పని చేయొచ్చమ్మా. ఆయన మీకు పవర్ ఆఫ్ అటార్నీ రాసిస్తే 3వ ఆర్డరు కింద మీరు ఆయన తరఫున హాజరు కావొచ్చు, కాగితాలు వేయొచ్చు. పిలిచినప్పుడు పలకడానికి ఒక మనిషి ఉంటారు, గైర్హాజరు అని కొట్టేసే భయం అక్కడితో తగ్గుతుంది. కానీ నిలబడి వాదించడం వేరు. అది వకీళ్ల పని, వకీలు కానివాళ్లు వాదించాలంటే అడ్వకేట్స్ చట్టం 32వ సెక్షన్ కింద ఆ కోర్టు అనుమతి కావాలి. పవర్ ఆఫ్ అటార్నీ ఉంది కాబట్టి ఆ హక్కు దానంతటదే వచ్చేసినట్టు కాదని సుప్రీంకోర్టు 1999లోనే చెప్పింది. అనుమతి అడగండి, ఇస్తే మంచిదే.

మీ ఉత్తరంలో మీరు పట్టించుకోని ఒక మంచి విషయం ఉంది. అమ్మగారు కూడా అప్పీలుదారే అన్నారు. ఉచిత న్యాయ సహాయానికి 1987 చట్టం 12వ సెక్షన్ ప్రకారం స్త్రీ అయితే చాలు, ఆదాయం ఎంతని అడగరు. పురానీ హవేలీలో సిటీ సివిల్ కోర్టు ప్రాంగణంలోనే న్యాయ సేవాధికార సంస్థ ఉంది, మీ కేసు ఏ జిల్లా కోర్టులో ఉంటే అక్కడా ఉంటుంది. అమ్మగారి ఆధార్, అప్పీలు కాగితాలు పట్టుకుని వెళ్లండి, లేదా ముందు 15100కు ఫోన్ చేసి కనుక్కోండి. ఆవిడకు వకీలును ఇస్తే, పిలిచినప్పుడు పలికే గొంతు ఒకటి ఫైల్లో ఉంటుంది, నాన్నగారు ఇంట్లోనే ఉండి ఆయనకు పాయింట్లు చెప్పుకోవచ్చు. (ఆ వకీలును పాపం ఎంత సతాయిస్తారో ఊహించుకోగలను, సొంతంగా వాదించుకున్నవాళ్లందరూ అంతే.)

ఈలోగా ఫోన్‌లో ఈ-కోర్ట్స్ యాప్ వేసుకోండి. మీ కేసుకు 16 అక్షరాలు, అంకెలు కలిసిన సీఎన్ఆర్ నంబరు ఉంటుంది, అది కొడితే తర్వాతి తేదీ, ఏ కోర్టులో ఉందో కనిపిస్తుంది. పేషీకి ముందు రోజు రాత్రి ఒకసారి, బయలుదేరే ముందు ఒకసారి చూసుకోండి. కేసు ఒక హాలు నుంచి ఇంకో హాలుకు బదిలీ అయ్యిందని తెలియక పాత హాలు ముందు పొద్దంతా కూర్చుని డీఫాల్ట్ చేయించుకున్నవాళ్ల సంఖ్య తక్కువేమీ కాదు.

ప్రశ్న: మా నాన్న అప్పీలు ఆయనే చూసుకునేవారు. మార్చిలో చనిపోయారు. మేలో ఎవరూ రాలేదని కొట్టేశారు. మాకు ఇప్పుడు తెలిసింది. (వనస్థలిపురం)

జవాబు: బతికి లేని మనిషి పలకలేదని రాసిన ఆర్డరు నిలవడం కష్టమే, అయినా అది దానంతటదే పోదు, మరణ ధ్రువపత్రంతో మీరే వెళ్లి చెప్పాలి. మీకు అసలు ఇబ్బంది 22వ ఆర్డరుతో. వారసులను రికార్డు మీదికి తేవడానికి చనిపోయిన రోజు నుంచి 90 రోజులు, అది దాటితే అప్పీలు అబేట్ అవుతుంది, అంటే దానంతటదే ముగిసిపోతుంది, దాన్ని రద్దు చేయమనడానికి ఆపైన 60 రోజులు. ఆ 60 కూడా దాటితే ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద విడిగా అర్జీ. మీ నాన్నగారు పోయిన తేదీ ఉత్తరంలో రాయలేదు, క్యాలెండరు ముందు పెట్టుకుని లెక్కపెట్టండి, మీకు ఇంకా కొన్ని రోజులే మిగిలి ఉండొచ్చు.

పేజీలు అచ్చుకు వెళ్లే ముందు సైదాబాద్ ఆయన ఫోన్ చేశారు. జూలై 28న పిటిషన్ వేశారట, ఛాయ్‌తో సహా అన్నీ రాశారట. పేజీ నంబర్లు వేయలేదనీ, ఫోన్‌పే ప్రింటు మసగ్గా ఉందనీ ఆఫీసు వాళ్లు రిటర్న్ చేశారు, సరిచేసి తిరిగి ఇవ్వడానికి కొన్ని రోజులిచ్చారు. సరిచేసిన కాగితాలకు మళ్లీ జిరాక్స్ కావాలి కదా. ఈసారి వాళ్లావిడను హాల్లో కూర్చోబెట్టి వెళ్లానన్నారు.